వెలిగే చేప గుహలో బతకగలదా?

కొండ కడుపులో నీటితో నిండిన ఒక గుహ. సూర్యకిరణం ఏనాడూ సోకని నీరు. ఆ నీటిలో ఒక చేప. మూరెడు పొడవు, నల్లని ఒళ్ళు, సూదుల్లాంటి పళ్ళు. ఒంటికి రెండు పక్కలా వరసగా నీలం దీపాలు. ఆ వెలుగు చూసి చిన్న చేపలు దగ్గరకు వస్తాయి. నోరు తెరుచుకుంటుంది, మూసుకుంటుంది. మళ్ళీ నిశ్శబ్దం.

బాగుంది కదూ? దీనికి 'గుహదీపం' అని పేరు పెడదాం. ఈ పేరు కోసం ఏ పుస్తకమూ వెతక్కండి. ఇది మనం కల్పించుకున్న చేప. ఇలాంటిదాన్ని ఇంతవరకు ఎవరూ చూడలేదు, వల వేసి పట్టలేదు.

మరి లేని చేప గురించి ఇంత పాఠం ఎందుకు అంటారా? ఒక జంతువు బొమ్మ గీయడం తేలిక. అది నిజంగా బతకగలదా, దాని ఆహారం ఎక్కడిది, దాని ఖర్చు ఎంత అని లెక్క చూడడమే కష్టం. అసలు సరదా కూడా అందులోనే ఉంది. చీకటి గుహల్లో చేపలు ఉన్నాయి. వెలిగే చేపలూ ఉన్నాయి. రెండూ నిజమే. అయినా గుహ లోతుల్లోనే పుట్టి, అక్కడే పెరిగి, వెలుగుతూ వేటాడే చేప మాత్రం మనకు దొరకలేదు. ఎందుకని? పదండి, మన గుహదీపాన్ని కొంచెం పరీక్షకు పెడదాం.

దీపానికి చమురు

మొదట ఆ వెలుగు సంగతి. మిణుగురు పురుగును అరచేతిలో పెట్టుకొని చూశారా? చెయ్యి కాలదు. విద్యుద్దీపంలాగా వేడెక్కదు. జంతువుల వెలుగు చల్లని వెలుగు. అది మంట కాదు, రసాయన చర్య.

ఈ రహస్యాన్ని మొదట విప్పినవాడు రాఫాయెల్ డ్యుబువా అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు. 1885లో ఆయన వెలిగే పెంకుపురుగులతోనూ, 1887లో సముద్రపు ఆల్చిప్ప జాతి జంతువుతోనూ ప్రయోగాలు చేశాడు. ప్రయోగం మన బడి ప్రయోగశాలలో చేసేటంత సులువైనది. వెలిగే అవయవాన్ని చల్లని నీటిలో నూరాడు. ఆ నీరు కాసేపు వెలిగి ఆరిపోయింది. ఇంకొక అవయవాన్ని వేడినీటిలో వేశాడు. వెలుగు వెంటనే పోయింది. ఇప్పుడు రెండు గిన్నెలూ చీకటే. వేడినీటి గిన్నె చల్లారిన తర్వాత దాన్ని మొదటి గిన్నెలో పోశాడు. ఆరిపోయిన నీరు మళ్ళీ వెలిగింది!

ఏం జరిగిందో ఆలోచించండి. వెలుగుకు రెండు పదార్థాలు కావాలి. ఒకటి చమురులాగా ఖర్చయిపోయేది. దానికి డ్యుబువా లూసిఫెరిన్ అని పేరు పెట్టాడు. రెండవది ఆ చమురును వెలిగించేది, వేడికి పాడైపోయేది. దాని పేరు లూసిఫెరేజ్. చల్లని గిన్నెలో చమురు అయిపోయింది, వెలిగించేది మిగిలింది. వేడి గిన్నెలో వెలిగించేది చచ్చిపోయింది, చమురు మిగిలింది. రెండూ కలిసేసరికి దీపం మళ్ళీ లేచింది. చాలా జంతువుల్లో ఈ చర్యకు ఆక్సిజన్ కూడా అవసరం.

ఈ ప్రయోగంలో మన చేపకు సంబంధించిన ముక్క ఒకటుంది. చమురు ఖర్చవుతుంది. ఖర్చయిన చమురును ఎక్కడినుంచో మళ్ళీ తెచ్చుకోవాలి. దీపం పెట్టుకోవడం అంటే ప్రతి రాత్రీ కొంత తిండిని వెలుగుగా మార్చి నీటిలో పారబోయడమే.

ఇంకొక దారి కూడా ఉంది. తానే వెలగకుండా, వెలిగే బాక్టీరియాను ఒంట్లో ఒక సంచిలో పెంచుకోవడం. చాలా సముద్రపు చేపలు ఈ పనే చేస్తాయి. అద్దెకిచ్చినట్టు ఇల్లు, తిండి, ఆక్సిజన్ ఇస్తాయి. అద్దెకింద వెలుగు పుచ్చుకుంటాయి. ఇక్కడా ఖర్చు తప్పదు. పైగా ఆ బాక్టీరియా దాదాపు అన్నీ సముద్రపు ఉప్పునీటిలో ఉండేవి. కొండగుహలోని మంచినీటిలో మన గుహదీపానికి అద్దెదారులు దొరకడం కష్టం.

నిజమైన చీకటి ఎలా ఉంటుంది?

కర్నూలు, నంద్యాల ప్రాంతాలవాళ్ళలో కొందరైనా బెలూం గుహలు చూసి ఉంటారు. లోపల దీపాలు ఉన్నంతసేపు విశేషం తెలియదు. ఆ దీపాలు ఆరితే మాత్రం కంటి ముందు చెయ్యి పెట్టుకున్నా కనిపించదు. అమావాస్య రాత్రి పొలంలో ఉండే చీకటి దీనికి సాటిరాదు. పొలంలో నక్షత్రాల వెలుగైనా ఉంటుంది. గుహలో కళ్ళు ఎంతసేపు అలవాటు పడినా లాభం లేదు. అక్కడ పట్టుకోవడానికి వెలుగే లేదు.

వెలుగు లేకపోతే మొక్క లేదు. నాచు లేదు. అంటే ఆ గుహలో ఆహారం తయారయ్యేచోటు దాదాపు ఏదీ లేదన్నమాట. తినడానికి ఏదైనా ఉందంటే అది బయటినుంచి వచ్చినదే. వరదలో కొట్టుకువచ్చిన ఆకులూ చెత్తా, గబ్బిలాల రెట్ట, దారి తప్పి వచ్చిన పురుగులు. గుహజీవులన్నీ ఈ ముష్టి మీద బతకాలి.

ఈ పేదరికంలో ఎలా బతుకుతారో చూడాలంటే ఐరోపా గుహల్లో ఉండే ఓమ్ అనే జంతువును చూడాలి. ఇది చేప కాదు, కప్పలకు దూరపు చుట్టమైన ఉభయచరం. తెల్లగా, సన్నగా, గుడ్డిగా ఉంటుంది. చిన్న చిన్న రొయ్యల్లాంటి జీవులను తింటుంది కాబట్టి ఇదీ వేటగాడే. హెర్జెగోవినాలో పరిశోధకులు నీటిలో మునిగి, కొన్ని ఓమ్‌లకు గుర్తులు పెట్టి ఏళ్ళ తరబడి చూశారు. వాటిలో ఒకటి 2,569 రోజుల తర్వాత కూడా మొదట చూసిన చోటనే ఉంది! అంటే ఏడేళ్ళు. ఈ సంగతి 2020లో ప్రకటించారు. గుహలో వేటగాడంటే పరుగులు తీసే చిరుతపులి అనుకున్నాం. చూడబోతే కాలు కదపకుండా కూర్చున్న పిసినారి!

మన గుహదీపం మాటేమిటి? రాత్రింబవళ్ళు ఒంటినిండా దీపాలు వెలిగించుకొని తిరుగుతోంది. ఇంట్లో గింజ లేనివాడు వీధినిండా దీపావళి చేసినట్టు.

కన్ను కూడా బరువే

మెక్సికో దేశంలో ఒక చిన్న చేప ఉంది. నదుల్లో ఉండే చేపకు చక్కని కళ్ళు, వెండిరంగు ఒళ్ళు. అదే జాతి చేప గుహల్లో చేరి తరతరాలుగా ఉండిపోయినచోట కళ్ళు లేవు, రంగు లేదు. ఈ గుడ్డి చేపను శాస్త్రజ్ఞులు 1936లో వర్ణించారు. ఇప్పుడు అలంకరణ చేపలు అమ్మే దుకాణాల్లో కూడా దొరుకుతుంది. గాజుతొట్టిలో వేస్తే గోడలకు కొట్టుకోకుండా హాయిగా తిరుగుతుంది.

కళ్ళు ఎందుకు పోయాయి? వాడకపోతే అరిగిపోయాయి అని తేలికగా చెప్పేయకండి. అసలు కారణాల్లో ఒకటి ఖర్చు. కన్నూ, కన్ను చూసినదాన్ని అర్థం చేసుకునే మెదడు భాగమూ ఊరికే పనిచేయవు. స్వీడన్ పరిశోధకులు 2015లో ఈ చేపల మీదే లెక్క కట్టారు. ఒక గ్రాము బరువుండే పిల్లచేపలో, అది కదలకుండా ఉన్నప్పుడు ఖర్చయ్యే శక్తిలో 15 శాతం చూపుకే పోతోంది. పెరిగి ఎనిమిదిన్నర గ్రాములయ్యాక 5 శాతం. తిండి దొరికేచోట ఇది లెక్కలోనిది కాదు. వరద వచ్చినప్పుడే భోజనం దొరికేచోట ఇది చావు బతుకుల తేడా.

ఇంకా చిత్రం వినండి. గుడ్డి చేప గుడ్డులో ఉన్నప్పుడు దానికి కన్ను మొదలవుతుంది! కొంత పెరుగుతుంది, ఆ తర్వాత కుంగిపోయి చర్మం కిందికి పోతుంది. 2000 సంవత్సరంలో అమెరికాలో యామమోటో, జెఫ్రీ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు నదిచేప పిండం నుంచి కంటిలోని కటకాన్ని తీసి గుహచేప పిండంలో ఒక పక్క అమర్చారు. ఆ పక్క కన్ను పెరిగింది. రెండో పక్క మామూలుగా గుడ్డిగానే ఉండిపోయింది. కటకాన్ని అటుది ఇటు మార్చితే నదిచేపకు ఆ పక్క కన్ను పాడైపోయింది. కన్ను కట్టే పనివాళ్ళు గుహచేపలో ఇంకా ఉన్నారు. కటకం నుంచి రావలసిన ఆజ్ఞ రావడం లేదు, అంతే.

మన దేశంలోనూ ఇలాంటి చేపలు తక్కువేమీ కాదు. మేఘాలయలో జైంతియా కొండల్లో ఉమ్ లడా అనే గుహలో 2019లో 40 సెంటీమీటర్లకు మించిన గుడ్డి చేపలు కనిపించాయి. ప్రపంచంలో ఇంతవరకు తెలిసిన గుహచేపల్లో ఇవే పెద్దవి. మనం తినే బొచ్చె, శీలావతి చేపల కుటుంబానికే చెందినవి. మన పొరుగున బస్తరులోని కుటుంసర్ గుహలో ఉండే చిన్న చేపలకు కళ్ళు పూర్తిగా పోలేదు గాని బాగా చిన్నవైపోయాయి.

కేరళ సంగతి మరీ బాగుంటుంది. అక్కడ ఎర్రరాతి నేల కింద నీటి పొరల్లో చిటికెనవేలంత లేని, ఎర్రని, కళ్ళులేని జెల్ల జాతి చేపలు ఉన్నాయి. కొట్టాయం బావుల్లో దొరికిన ఒకదాన్ని 1950లో వర్ణించి, చేపల శాస్త్రంలో పేరుపొందిన సుందర్‌లాల్ హోరా జ్ఞాపకంగా హోరాగ్లానిస్ అన్నారు. ఈ మధ్య, 2023లో, అదే జాతిలో ఇంకొక కొత్త చేపకు పేరు పెట్టారు. ఆ పేరుకు 'ప్రజలది' అని అర్థం. ఎందుకంటే బావిలో నీళ్ళు తోడుకునేవాళ్ళు, పంపులో వచ్చిన చేపను చూసి పారేయకుండా సీసాలో వేసి కబురు చేసినవాళ్ళు, వాళ్ళంతా కలిసి ఆ పరిశోధన సాగేలా చేశారు. మీ బావిలో రంగులేని వింత పురుగో చేపో కనిపిస్తే చంపకండి. మీ సైన్సు మాస్టారికి చూపించండి.

చీకట్లో ఎవరికి దీపం?

ఇప్పుడు అసలు ప్రశ్నకు వద్దాం. గుహదీపం తన వెలుగు చూపించి చిన్న చేపలను పిలుస్తుందన్నాం. గుహలోని చిన్న చేపలకు కళ్ళు ఉన్నాయా? లేవు. రొయ్యలకు? లేవు. గుడ్డివాళ్ళ ఊళ్ళో సినిమా ఆడించినట్టయింది! ఎంత అందమైన దీపమైనా ఎరకు కన్ను లేకపోతే అది ఎర వేసినట్టు కాదు.

మీలో చురుకైనవాళ్ళు ఇక్కడ అడ్డుతగులుతారు. "ఎర చూడకపోతే ఏం? చేపే తన దీపం వెలుగులో ఎరను చూసుకోవచ్చు కదా, మనం టార్చిలైటు వేసుకొని చూసినట్టు!" మంచి వాదన. అసాధ్యం అనడానికి వీల్లేదు. కాని జమాఖర్చు చూడండి. అప్పుడు చేపకు దీపమూ కావాలి, కళ్ళూ కావాలి. రెండు ఖర్చులు. ఇక లాభం? గుహచేపలకు చీకట్లో వేటాడే చవకరకం సాధనం ముందే ఉంది.

ఈసారి ఇంట్లో చేప వండేటప్పుడు, కోయకముందు దాని పక్కలు చూడండి. మొప్పల దగ్గరనుంచి తోకదాకా చుక్కలు చుక్కలుగా సన్నని గీత కనిపిస్తుంది. దీన్ని పార్శ్వరేఖ అంటారు. ఆ చుక్కలు చిన్న చిన్న రంధ్రాలు. లోపల నూగులాంటి అతి సన్నని భాగాలున్న కణాలుంటాయి. నీటిలో ఏది కదిలినా వచ్చే అలజడిని ఇవి పట్టేస్తాయి. చేపలన్నిటికీ ఇలాంటి ఇంద్రియం ఉంది. గుహచేపలో ఇది మరీ పదునెక్కింది. మెక్సికో గుడ్డి చేప నీటిలో చిన్న కదలిక వస్తే అటే ఈదుతుంది. చమురు పోయనక్కర్లేదు, తన ఉనికి బయటపెట్టుకోనక్కర్లేదు.

గుహల్లో పెద్ద వేటగాళ్ళు కూడా ఈ దారినే పోయాయి. అమెరికాలో టెక్సాస్ రాష్ట్రంలో శాన్ ఆంటోనియో దగ్గర వందల మీటర్ల లోతు బావుల్లోనుంచి నీటితోపాటు ఒక గుడ్డి జెల్లచేప పైకి వచ్చింది. తల వెడల్పు, నోరు మరీ వెడల్పు. 1947లో దాన్ని వర్ణించినవాళ్ళు దానికి ఏకంగా 'సాతాను' అని పేరుపెట్టారు! మనం గీసిన గుహదీపానికి నిజజీవితంలో దగ్గర చుట్టం ఎవరంటే నేను దీన్నే చూపిస్తాను. దీపాలు లేవు, కళ్ళు లేవు, రంగు లేదు. చూడడానికి ఎవరూ లేనిచోట అందం ఎవరికి కావాలి?

క్యూబా దేశపు గుహల్లో ఇంకొక గుడ్డి చేప ఉంది. దాన్ని 1858లో వర్ణించిన క్యూబా శాస్త్రజ్ఞుడు ఫెలిపే పోయే పెట్టిన పేరు లూసిఫ్యూగా. లాటిన్ భాషలో 'వెలుగును చూసి పారిపోయేది' అని అర్థం. లూసిఫెరిన్‌లో ఉన్న 'లూసి', ఇందులో ఉన్న 'లూసి' ఒకటే. ఒకటి వెలుగును మోసుకొస్తుంది, ఇంకొకటి వెలుగునుంచి పారిపోతుంది.

మరి సముద్రం సంగతేమిటి?

"నడిసముద్రం అడుగున కూడా చీకటే కదా! అక్కడ ఇన్ని దీపాలు ఎందుకు?" అని అడగాలి మీరు. వెయ్యి మీటర్ల కింద సూర్యుడి వెలుగు ఉండదన్నది నిజం. అయినా కాలిఫోర్నియా తీరంలో మాంటెరే అఖాతం దగ్గర పదిహేడేళ్ళపాటు నీటి అడుగుకు కెమెరాలు దింపి తీసిన చిత్రాలను లెక్కపెట్టి, 2017లో ఒక ఫలితం చెప్పారు. అక్కడ నీటిలో కనిపించిన జంతువుల్లో నూటికి 76 వెలగగలిగినవే! చేపల వంశవృక్షంలో ఈ విద్య కనీసం 27 సార్లు విడివిడిగా పుట్టిందని 2016లో మరొక పరిశోధన తేల్చింది.

తేడా ఎక్కడుంది? సముద్రం ఒకటే పెద్ద ఇల్లు. గోడలు లేవు. పైపొరలో ఉండే జంతువు కిందికి దిగుతుంది, కిందిది రాత్రిపూట పైకి వస్తుంది. మసకవెలుతురు ఉండే పొరలు వందల మీటర్ల మందం ఉన్నాయి. అందువల్ల లోతుల్లో కూడా కళ్ళున్న జంతువులు ఎన్నో ఉన్నాయి. కళ్ళున్నచోట దీపానికి పని ఉంది. ఎరను పిలవడానికి, జతను గుర్తుపట్టడానికి, శత్రువును బెదరగొట్టడానికి. పైగా సముద్రం చాలా పాతది. ఇలాంటి విద్యలు పుట్టి పెరగడానికి కోట్ల ఏళ్ళు దొరికాయి. గుహ చిన్నది, విడిగా ఉండేది. అందులో చిక్కుకున్న చేపల సంఖ్యా తక్కువే.

మంచినీటిలో ఈ విద్య మొత్తంమీదనే అరుదు. కొన్ని మిణుగురుల పిల్లపురుగులు నీటిలో పెరుగుతాయి, వాటిని పక్కన పెడితే న్యూజిలాండు వాగుల్లో ఉండే లేటియా అనే చిన్న నత్త ఒక్కటే ప్రసిద్ధం. దాన్ని కదిలిస్తే ఆకుపచ్చగా వెలిగే జిగురు వదులుతుంది. సైబీరియాలోని బైకాల్ సరస్సు 1,642 మీటర్ల లోతు. కింద కటికచీకటి. అక్కడ కూడా సొంతంగా వెలిగే జంతువు ఒక్కటీ ఇంతవరకు పట్టుబడలేదు.

గుహలో గెలిచిన దీపం

ఇంతకీ గుహలో వెలుగుతో వేటాడేవాళ్ళు అసలే లేరా? ఉన్నారు. కాని నీటిలో కాదు, నీటి మీద!

న్యూజిలాండులో వైటోమో గుహల్లో వాగు పారుతుంది. అక్కడి మావోరీల భాషలో 'వై' అంటే నీరు, 'టోమో' అంటే బిలం. 1887లో మావోరీ నాయకుడు తానే తినొరౌ, ఫ్రెడ్ మేస్ అనే సర్వేయరుతో కలిసి తెప్పమీద కొవ్వొత్తులు పట్టుకొని లోపలికి వెళ్ళాడు. పైన కప్పంతా నక్షత్రాలు పొదిగినట్టు నీలి చుక్కలు. ఆ చుక్కలు ఒకరకం దోమజాతి ఈగ పిల్లపురుగులు. ఒక్కొక్క పురుగూ పట్టుదారాలు కిందికి వేలాడదీసి, వాటికి ముత్యాల్లాగా జిగురుబొట్లు అంటించి, పైన తోకదీపం వెలిగించుకొని కూర్చుంటుంది. వాగులో పుట్టి రెక్కలు విప్పుకొన్న చిన్న ఈగలు ఆ వెలుగువైపు ఎగిరి దారాలకు అంటుకుంటాయి. పురుగు దారం పైకి లాక్కొని తినేస్తుంది.

ఇక్కడ దీపం ఎందుకు పనిచేసింది? వాగు బయటినుంచి లోపలికి తిండి మోసుకొస్తోంది. ఆ తిండికి కళ్ళున్నాయి! గుహకు తలుపు తెరిచి ఉంది, ఆ తలుపులోంచి కళ్ళు వస్తున్నాయి. మన చేపకు ఈ కిటుకు పనికొస్తుందేమో చూద్దాం.

కంటికింద లాంతరు

ఎర్రసముద్రంలోనూ, ఇండోనీషియాలోని బాండా దీవుల చుట్టూ, పసిఫిక్ దీవుల దగ్గరా పగడపు దిబ్బలుంటాయి. ఆ దిబ్బల్లో గుహలూ సందులూ ఎన్నో. పగలు ఆ గుహల చీకట్లో కొన్ని నల్లని చేపలు దాక్కుంటాయి. చీకటిపడ్డాక, ముఖ్యంగా వెన్నెల లేని రాత్రుల్లో, గుంపులుగా బయటికి వస్తాయి. ప్రతి చేపకూ కంటికింద చిక్కుడుగింజ ఆకారంలో నీలి ఆకుపచ్చ వెలుగు. వీటిని లాంతరుచేపలు అందాం. ఒకరకాన్ని 1781లోనే వర్ణించారు, ఇంకొకరకాన్ని 1856లో.

కంటికింది గింజ నిండా బాక్టీరియా. అవి ఆపకుండా వెలుగుతూనే ఉంటాయి. ఆర్పే మీట బాక్టీరియాకు లేదు. మరి చేప దీపం ఎలా ఆర్పుతుంది? ఒకరకం చేప కింది అంచునుంచి నల్లని రెప్పలాంటి తెరను పైకి లేపి కప్పేస్తుంది. రెండోరకం గింజనే గిర్రున లోపలికి తిప్పేస్తుంది, దొంగ లాంతరును చొక్కాలో దాచినట్టు. ఇంతకాలం చేపలోనే ఉండి ఉండి ఆ బాక్టీరియా జన్యువుల్లో చాలా భాగం పోగొట్టుకుంది. సముద్రంలో స్వేచ్ఛగా తిరిగే చుట్టాలతో పోలిస్తే ఐదోవంతే మిగిలింది.

ఈ దీపంతో అవి ఏం చేస్తాయి? 1975లో ఎర్రసముద్రపు చేపలను గమనించిన శాస్త్రజ్ఞులు ఒక్క దీపంతో ఎన్నో పనులు జరుగుతున్నాయని రాశారు. వేటాడడం, ఒకదాన్నొకటి పిలుచుకోవడం, శత్రువును మోసగించడం. ఈ మూడోది మీరే చేసి చూడొచ్చు. రాత్రి పెద్ద గదిలో దీపాలన్నీ ఆర్పేయండి. మీ స్నేహితుడి చేతికి టార్చి ఇవ్వండి. అతడు ఒకసారి వెలిగించి ఆర్పి, నాలుగడుగులు పక్కకు జరగాలి. మళ్ళీ వెలిగించి ఆర్పి ఇంకోవైపు జరగాలి. మీరు అతడిని పట్టుకోవాలి. ప్రతిసారీ మీరు వెలుగు ఉన్నచోటికి పోతారు, అతడు లేనిచోటికి! లాంతరుచేప సరిగ్గా ఇదే చేస్తుంది. వెలిగిస్తూ ఒకవైపు ఈది, ఆర్పేసి చటుక్కున దిక్కు మారుస్తుంది.

వేట సంగతి 2017లో ఇంకా వివరంగా తెలిసింది. గుంపుగా రాత్రి ఈదేటప్పుడు ఇవి నిమిషానికి సుమారు 90 సార్లు దీపం ఆర్పి వెలిగిస్తాయి. నీటిలో తేలే చిన్న జీవులు ఎదురైతే ఆ రెప్పపాట్లు తగ్గిపోతాయి. దీపం తెరిచి ఉంచి, ఆ వెలుగులో వాటిని చూసి తింటాయి. ఇందాక మీరు అడిగిన టార్చిలైటు వాదన ఇక్కడ నెగ్గింది చూశారా?

బాండా దీవుల జాలర్లు ఈ చేప కంటికింది గింజను కోసి గాలానికి గుచ్చేవారు. చేప చచ్చినా గింజ గంటల తరబడి వెలుగుతుంది. ఆ వెలుగుకు పెద్ద చేపలు వచ్చి తగులుకుంటాయి.

మన పాఠానికి అన్నిటికంటే ముఖ్యమైన సంగతి 1976లో ప్రకటించిన ఒక చిన్న ప్రయోగంలో ఉంది. లాంతరుచేపను తొట్టిలో ఉంచి పస్తు పెట్టారు. రోజులు గడిచేకొద్దీ దాని వెలుగు తగ్గిపోయింది. చేప బతికే ఉంది, దీపం ఆరింది! యజమానికి తిండి లేకపోతే అద్దెదారులకూ లేదు. ఇప్పుడు ఈ చేపనే తీసుకుపోయి వరదకోసం ఏడాదంతా ఎదురుచూసే కొండగుహలో వేశామనుకోండి. మొదటి పస్తులోనే కొండెక్కేది ఏది?

బొమ్మ మళ్ళీ గీయండి

ఇక మన గుహదీపాన్ని చెరిపేయనక్కర్లేదు. కాస్త చోటు మార్చి గీయండి. కొండ కడుపులోని మూసుకుపోయిన గుహ వద్దు. సముద్రపు ఒడ్డున, పగడపు దిబ్బలో, నోరు తెరిచి ఉన్న గుహ గీయండి. పగలంతా చేప లోపల ఉంటుంది. రాత్రి బయటికి పోయి తింటుంది. లేదా ఆటుపోట్ల నీరు కళ్ళున్న ఎరను లోపలికి తెస్తుంది. పక్కల పొడుగునా వరసదీపాలు మానేసి, కంటి దగ్గర ఒకటి రెండు పెట్టండి. ఖర్చు తగ్గుతుంది, ఎదురుగా ఉన్నది కనిపిస్తుంది. దీపం ఆర్పే ఏర్పాటు మాత్రం మరిచిపోకండి. ఆరని దీపం ఎరకంటే ముందు శత్రువును పిలుస్తుంది.

మూరెడు పొడవు ఉంచాలా, జానెడుకు తగ్గించాలా? మీ చేప చిన్న చేపలను తింటుందంటున్నారు కాబట్టి, రోజుకు ఎన్ని చేపలు ఆ గుహ తలుపు దాటి రావాలో మీరే లెక్క వేయండి. అటుపైన దీపం మీద కప్పే రెప్ప కిందినుంచి లేవాలో, పైనుంచి దిగాలో, లేక దీపమే లోపలికి తిరగాలో తేల్చుకొని రంగులు వేయండి.